తంజావూరు తాటాకుల సంగతి

చిట్టీ, బాబీ,

తంజావూరు నుంచి వచ్చి పది రోజులైంది, నా మోకాళ్ళ నొప్పులు కూడా తగ్గాయి గానీ బాబిగాడు ఆ రోజు సరస్వతీ మహల్ గ్రంథాలయంలో అడిగిన ప్రశ్న మాత్రం నన్ను వదలట్లేదు. "తాతయ్యా, పెద్ద గుడి బాగుంది, ఇక్కడ అద్దాల వెనకాల ఎండిపోయిన ఆకులు తప్ప ఏముంది?" అన్నాడు. అప్పటికే ఎండకి అందరం అలిసిపోయి ఉన్నాం, మీ అమ్మ ఆటో వాడితో బేరం ఆడుతోంది, నేను సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. అందుకే ఈ ఉత్తరం. కాస్త పొడుగ్గానే ఉంటుంది, ఇద్దరూ కూర్చుని చదవండి.

ముందు ఆ ఆకు సంగతి చెబుతాను. తాటాకుని ఊరికే చెట్టు మీంచి కోసి రాసెయ్యరు. ఈనె తీసేసి, ఉడకబెట్టి, నీడలో ఆరబెట్టి, నున్నగా రుద్ది, అన్నిటినీ ఒకే కొలతకి కత్తిరించి, తాడు ఎక్కించడానికి చిల్లులు పెడతారు. రాసేది గంటంతో. అది ఇనప ములుకు, అందులో సిరా ఉండదు. ఎడమ చేత్తో ఆకు పట్టుకుని, ఎడమ బొటనవేలి గోటికి చిన్న గాడి చేసుకుని గంటం మొనని అందులో ఆనించి, ఆకుని నెమ్మదిగా జరుపుకుంటూ గీరుతూ పోతారు. అంటే అది రాయడం కంటే చెక్కడానికే దగ్గర. చెక్కిన వెంటనే చూస్తే ఏమీ కనపడదు, ఆకు రంగే గీతల రంగు. తర్వాత దీపపు మసిని నూనెలోనో ఆకు పసరులోనో కలిపి పైన పూసి, గుడ్డతో తుడిచేస్తారు. మసి గీతల్లో మాత్రం నిలిచిపోయి అక్షరాలు నల్లగా పైకి తేలతాయి. చిట్టీ, నువ్వు "అక్షరాలు కనపడట్లేదు" అన్న ఆకు గుర్తుందా? అక్షరాలు ఎక్కడికీ పోలేదమ్మా, మసి వదిలిపోయిందంతే. మళ్ళీ పూస్తే మళ్ళీ కనపడతాయి.

అలాంటి ఆకులు వంద, రెండొందలు వరసగా పేర్చి, పైనా కిందా చెక్క పలకలు పెట్టి, తాడు కట్టి, గుడ్డలో చుడితే ఒక పుస్తకం. లోపల పదాల మధ్య ఖాళీలు ఉండవు, పద్యానికి కొత్త వరస ఉండదు, మొత్తం ఒకే ప్రవాహం. "రాజుగారువచ్చికూర్చున్నారు" అని ఆకు అంచు దాకా రాసుకుంటూ పోతే ఎలా ఉంటుందో ఊహించుకోండి. చదివేవాడికి ఛందస్సు తెలిస్తే గానీ పద్యం ఎక్కడ మొదలై ఎక్కడ ముగిసిందో దొరకదు.

ఇప్పుడు అసలు సంగతి. బాబీ, నువ్వేమో ఈ పుస్తకాలు నాలుగైదు వందల ఏళ్ళుగా అక్కడే పడి ఉన్నాయి అనుకున్నావు. చాలావాటి సంగతి అలా కాదు నాన్నా. మన వాతావరణంలో, ఈ ఉక్కపోతకీ పురుగులకీ, తాటాకు రెండు మూడు వందల ఏళ్ళు నిలిస్తే గొప్ప. అంతకంటే పాత కావ్యాలు మన దాకా వచ్చాయంటే, మధ్యలో ఎవరో ఒకరు ఆ ఆకులు పాడవక ముందే కూర్చుని మొత్తం మళ్ళీ రాశారన్నమాట. ఆ తర్వాత ఇంకొకరు. నన్నయ, తిక్కన స్వయంగా గీసిన ఆకులు ఎవరి దగ్గరా లేవు. మనం చదువుతున్నదంతా ఎవరో పేరు తెలియని లేఖకులు ఒకరి చేతిలోంచి ఒకరి చేతికి దాటించిందే. ఆ లేఖకులు పుస్తకం చివర ఒక సంస్కృత శ్లోకం రాసేవారు, నాకు ఎప్పుడు తలుచుకున్నా కళ్ళు చెమరుస్తాయి. దాని అర్థం ఇది: వీపు, నడుము, మెడ విరిగిపోయేలా, చూపు కదపకుండా, తల వంచుకుని కష్టపడి రాశాను, దీన్ని జాగ్రత్తగా కాపాడండి. ఇంకో శ్లోకంలో పుస్తకమే మాట్లాడుతుంది: నన్ను నూనె నుంచి కాపాడు, నీళ్ళ నుంచి కాపాడు, కట్టు వదులు కాకుండా చూడు, మూర్ఖుడి చేతికి ఇవ్వకు, అని.

మరి తమిళదేశంలో ఆ ఊళ్ళో మన తెలుగు పుస్తకాలు ఎందుకున్నాయి అంటారా? తంజావూరుని 16వ శతాబ్దం నుంచి 1673 దాకా ఏలింది తెలుగు నాయకరాజులు. ఆ గ్రంథాలయానికి పునాది వాళ్ళ కాలంలోనే పడింది. రఘునాథ నాయకుడు స్వయంగా కవి. చేమకూర వెంకటకవి విజయవిలాసం అంకితం ఇచ్చింది ఆయనకే. ఆయన కొడుకు విజయరాఘవ నాయకుడి కొలువులో రంగాజమ్మ అనే కవయిత్రి మన్నారుదాసవిలాసం రాసింది. చిట్టీ, ఆ కాలంలో ఒక ఆడమనిషి రాజసభలో కవిగా కూర్చుందని నువ్వు మీ క్లాసులో చెప్పు, నమ్మకపోతే నాకు ఫోన్ చెయ్యమను.

1673లో మదురై నాయకులతో యుద్ధంలో విజయరాఘవుడు చనిపోయాడు. కొద్దికాలానికే మరాఠాలు వచ్చారు, శివాజీ సవతి తమ్ముడు ఏకోజీ గద్దె ఎక్కాడు. రాజ్యం మారితే పాత రాజుల పుస్తకాలు పొయ్యిలోకి పోవడం మామూలే. ఇక్కడ అలా జరగలేదు. ఏకోజీ కొడుకు శాహజీ అయితే తెలుగు నేర్చి తెలుగులోనే పల్లకీ సేవా ప్రబంధం అనే పాటల నాటకం రాశాడు. మరాఠీ రాజు, తమిళ ఊరు, తెలుగు పాట. నాకు ఆ ఊరంటే ఇంత ఇష్టం అందుకే.

ఇక మీరు మెట్ల దగ్గర ఎవరి బొమ్మ పక్కన ఫొటో దిగారో ఆ రాజు, ఆ మరాఠాల వంశం వాడే, రెండో శరభోజి. 1799లో ఇంగ్లీషు కంపెనీ వాళ్ళు రాజ్యం తీసేసుకుని ఆయనకి కోటా, పేరూ మాత్రం మిగిల్చారు. ఆయన మిగిలిన జీవితమంతా పుస్తకాలు పోగేశాడు. 1820లో కాశీయాత్రకి బయలుదేరి, అక్కడి నుంచి సంస్కృత గ్రంథాలు రాశులుగా తెచ్చాడు. యూరప్ నుంచి అచ్చు పుస్తకాలు తెప్పించి వాటి మీద ఇంగ్లీషులో సంతకం పెట్టుకున్నాడు. బాబీ, నువ్వు నవ్వుకుంటూ చూసిన బొమ్మలు, మనుషుల మొహాలని జంతువుల మొహాలతో పోల్చి గీసినవి, అవి కూడా ఆయన సేకరించినవే. తర్వాత బర్నెల్ అనే ఇంగ్లీషు జడ్జీ అక్కడి సంస్కృత గ్రంథాలన్నీ చూసి 1880లో జాబితా అచ్చు వేయించాడు. 1918లో గ్రంథాలయం ప్రజలది అయింది.

లోపల గదుల్లో ఒక వాసన వచ్చిందని చిట్టి అంది కదా. వసకొమ్ము, లవంగం, మిరియాలు, దాల్చినచెక్క, నల్లజీలకర్ర దంచి, కర్పూరం కలిపి, చిన్న మూటలు కట్టి కట్టల పక్కన పెట్టడం అక్కడి పాత పద్ధతి, పురుగులు రాకుండా. ఆకులు పెళుసెక్కకుండా నిమ్మగడ్డి నూనె రాస్తారు. ఇది ఎంత ఓపికతో చెయ్యాలో చూడండి, ఒక్కో ఆకు విడదీసి, తుడిచి, రాసి, ఆరనిచ్చి మళ్ళీ వరసలో పెట్టాలి. వరస తప్పితే కథే తారుమారు.

ఇదంతా ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే మన ఇంట్లో కూడా ఒక కట్ట ఉండేది. అటక మీద, ఎర్రగుడ్డలో. నాకు ఎనిమిదేళ్ళప్పుడు దసరాకి దించి, పసుపూ కుంకుమా పెట్టి పూజ చేసి, మళ్ళీ పైన పెట్టేవాళ్ళు, ఎవరూ విప్పేవారు కాదు. ఒక ఏడాది దించితే గుడ్డలోంచి పొడి రాలింది. చెదలు. మా నాన్న చాలా బాధపడ్డాడు, కాల్చడానికి చేతులు రాక గోదాట్లో కలిపేశాడు. ఒక్క ఆకు నేను దాచుకున్నాను, దానిమీద ఒక పక్క "అవిఘ్నమస్తు" అని ఉంది. విఘ్నం లేకుండుగాక అని పుస్తకం మొదట్లో రాసే మాట అది, అంటే అది మొదటి ఆకు. రెండో ఆకు లేదు. ఆ పుస్తకం ఏమిటో తెలీకుండానే పోయింది. పూజ చేశాం గానీ ఎవరం తిరగరాయలేదు, అదే నా బాధ.

కాబట్టి మీకో పని చెబుతున్నాను. మీ స్నేహితుల్లో ఎవరి అమ్మమ్మ వాళ్ళ ఊళ్ళో, ఏ అటక మీదైనా ఇలాంటి కట్ట ఉందేమో కనుక్కోండి. ఉంటే తాడు లాగొద్దు, ఎండలో పెట్టొద్దు, వంటనూనె అస్సలు పూయొద్దు. ఉన్నది ఉన్నట్టు ఫోన్లో ఫొటో తీసి నాకు పంపండి. తిరుపతిలో ప్రాచ్య పరిశోధన సంస్థ ఉంది, హైదరాబాదులో ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయం ఉంది, ఎవరికి చూపించాలో నేను కనుక్కుంటాను. సంక్రాంతికి వచ్చినప్పుడు ఆ "అవిఘ్నమస్తు" ఆకు తీస్తాను, మసి పూసి తుడిచే పని మాత్రం బాబిదే.

మీ తాతయ్య