చెవిలో సర్పి, మూతి వంకర: స్కాన్ నార్మల్ అయితే సరిపోదు

"స్కాన్ నార్మలే సార్, అయినా మూతి సర్దుకోవట్లేదు." ఈఎన్‌టీ ఓపీలో ఈ మాట విని విని విసుగొచ్చేసింది. ఫైల్లో సీటీ ఉంటుంది, కొందరి దగ్గర ఎమ్మారై కూడా ఉంటుంది. మెదడులో ఏమీ లేదనగానే "పక్షవాతం కాదట, దానంతటదే తగ్గుతుందట" అని ఇంటిల్లిపాదీ ఊపిరి పీల్చుకుని వారం రోజులు ఊరుకుంటారు. ఇన్ని పరీక్షలు చేయించినవాళ్లలో చెవిలోకి టార్చి వేసి చూసినవాళ్లు తక్కువ. తీరా నేను చూస్తే చెవి డొప్పలో పక్కులు కట్టిన పొక్కులు.

స్కాన్ చేయించడం తప్పని కాదు. ఉన్నట్టుండి మూతి వంకర పోతే ఎమర్జెన్సీకి వెళ్లాల్సిందే. చెయ్యో కాలో లాగేసినా, మాట తడబడినా నిమిషం ఆగకూడదు. కానీ ఆ సీటీ తీసేది ప్రధానంగా మెదడులో రక్తస్రావం, స్ట్రోక్ లాంటివి ఉన్నాయేమో చూడటానికి. ముఖ నరం వాచిందో లేదో అది చెప్పదు.

చిన్నప్పుడు ఆటలమ్మ పోసినప్పుడు ఒంట్లో చేరిన వైరస్ నరాల ముడుల్లో ఏళ్ల తరబడి అణిగి ఉంటుంది. నడుము దగ్గరో ఛాతీ మీదో లేస్తే సర్పి అనో, అక్కి అనో అంటాం. అదే ముఖ నరం ముడిలో లేస్తే రామ్సే హంట్ సిండ్రోమ్. 1907లో ఆ పేరుగల అమెరికన్ న్యూరాలజిస్టే దీన్ని వివరించాడు. ఈ నరం చెవి వెనకున్న ఎముకలో సన్నటి సొరంగంలోంచి వస్తుంది. వాచిందంటే జరగడానికి చోటుండదు, ఎముక మధ్య నలిగిపోతుంది. వినికిడి, బ్యాలెన్స్ చూసే నరం కూడా పక్కనే ఉంటుంది కాబట్టి చెవుడు, హోరు, కళ్లు తిరగడం కలిసొస్తాయి.

అందుకే మొదటి మూడు రోజులు అంత ముఖ్యం. యాంటీవైరల్ మాత్రలు, వాటితో పాటు స్టెరాయిడ్ ఆలోపే మొదలైతే ముఖం పూర్తిగా కోలుకునే అవకాశం బాగా ఎక్కువ. రోజులు గడిచేకొద్దీ అది తగ్గుతూ పోతుంది. (నాలుగో రోజైంది కదా, ఇంకెందుకు అని మానేయకండి, అప్పుడైనా రండి.) పొక్కుల మీద రాసే ఆయింట్‌మెంట్ ఎముకలోపలి నరాన్ని చేరదు. "దానంతటదే తగ్గుతుంది" అన్నది బెల్స్ పాల్సీ (కారణం ఇదీ అని తేలని మూతి వంకర) విషయంలో చాలామందికి నిజమే. దానికైనా తొందరగా స్టెరాయిడ్ వేస్తేనే మంచిది. సర్పి వల్ల వచ్చిన వంకర అంత సులువుగా వదలదు. పైగా పొక్కులు మూతి వంకర తిరిగిన కొన్నాళ్లకు రావచ్చు, అంగిలి మీదో నాలుక మీదో రావచ్చు, అసలు రాకపోనూవచ్చు. పొక్కులు లేకున్నా, మూతి వంకరతో పాటు చెవిలో భరించలేని పోటు ఉంటే నేను దీన్నే అనుమానిస్తాను.

టైలరింగ్ చేసుకునే ఒకావిడ వచ్చారు. ముందు చెవిపోటు. వెల్లుల్లి కాచిన నూనె పోశారు, ఆర్‌ఎంపీ దగ్గర చుక్కల మందు తెచ్చుకున్నారు. పొద్దున పుక్కిలిస్తుంటే నీళ్లు ఓ పక్కనుంచి కారిపోయాయి. స్కాన్ నార్మల్. చెవి దగ్గర పొక్కులు చూసిన వాళ్ల అత్తగారు జాజుతో అక్కి రాయించారు. నా దగ్గరికొచ్చేసరికి వారం దాటింది. తడి దూదితో ఆ ఎర్రమట్టి తుడిస్తే కింద పొక్కులు. ఆవిడ బాధేమో మూతి గురించి కాదు. "మిక్సీ వేస్తే ఆ చెవిలో బాంబు పేలినట్టుంది సార్, నాకు పిచ్చి పడుతోందా?" అన్నారు. పిచ్చి కాదమ్మా, పెద్ద శబ్దాల్ని అదుపు చేసే చిన్న కండరం చెవిలో ఉంటుంది, దానికీ ఈ నరమే దిక్కు అని చెబితే ఏడ్చేశారు. నెలలు గడిచాక ముఖం చాలావరకు సర్దుకుంది గానీ, అన్నం నములుతుంటే ఆ కన్ను ఇప్పటికీ మూతపడుతుంది. అత్తగారిని తప్పుపట్టను. ఇంట్లో అక్కి వస్తే ఆవిడ చూసిన వైద్యం అదే.

మూతి గోలలో కంటిని మరచిపోతారు. రెప్ప పడకపోతే నల్లగుడ్డు ఎండిపోయి పుండు పడుతుంది, చూపు పోవచ్చు. పగలు కృత్రిమ కన్నీటి చుక్కలు, రాత్రి కంటి ఆయింట్‌మెంట్, రెప్ప మూసి టేపు. ఎర్రబడినా, నొప్పి వచ్చినా కంటి డాక్టర్ దగ్గరికి ఆ రోజే వెళ్లండి.

"షుగరుంది, స్టెరాయిడ్ వద్దు" అంటారు. షుగర్ పెరిగే మాట నిజమే. ఆ కొద్దిరోజులూ రోజూ చూసుకుంటూ షుగర్ మందు సర్దుతాం. కిడ్నీ జబ్బుంటే ముందే చెప్పండి, యాంటీవైరల్ డోసు మారుతుంది.

మిగతావి గబగబా. ముసలివాళ్లకే వస్తుందా? 2022లో జస్టిన్ బీబర్‌కు వచ్చినప్పుడు ముప్పై కూడా నిండలేదు. బెలూన్లు ఊదడం, గట్టిగా చూయింగ్ గమ్ నమలడం వద్దు, ఫిజియోథెరపిస్ట్ చెప్పినట్టు అద్దం ముందు నెమ్మదిగా ముఖ వ్యాయామాలు చేయండి. వంకాయ మానక్కర్లేదు. పావురం రక్తం గురించి రాసే ఓపిక నాకు లేదు, పూయకండి. అక్కికి టీకా ఉంది, 2023 నుంచి మన దేశంలోనూ దొరుకుతోంది. యాభై దాటినవాళ్లకు 2 నుంచి 6 నెలల తేడాతో రెండు డోసులు, ఖరీదు ఎక్కువే.

అంటుకుంటుందా అంటే, పొక్కుల్లోని రసం తగిలితే ఆటలమ్మ రానివాళ్లకు ఆటలమ్మ రావచ్చు. పక్కులు కట్టేదాకా గర్భిణులు, పసిపిల్లలు కాస్త దూరంగా ఉంటే చాలు. అక్కి వచ్చిన పెద్దాయనకు కంచం, గ్లాసు వేరు చేసి వసారాలో పడుకోబెట్టనక్కర్లేదు.