నీలి గులాబీల వెనుక నల్లగుడ్డ

చిరంజీవులకు తిరుపతి నుండి తాత ఆశీర్వదించి వ్రాయునది.

ఒక జపాను వాస్తుశిల్పి గాజుబల్లలో నీలి గులాబీలు అమర్చితే అది ఒక చిత్రకారునికి నివాళి ఎట్లా అవుతుందని మీరు అడిగారు. 2019లో ఫ్రాన్సులోని ఆర్ల్ పట్టణంలో, వాన్ గో పేరిట ఉన్న కళాసంస్థలో, జార్జియా దేశపు నికో పిరోస్మానీ చిత్రాలను ప్రదర్శించినప్పుడు, టడావో ఆండో రూపొందించిన ఆ బల్ల కూడా అక్కడ ఉంది.

పిరోస్మానీ 1862లో మీర్జాని అనే పల్లెలో పుట్టి, చిన్నతనంలోనే తల్లిదండ్రులను పోగొట్టుకొని, కొంతకాలం రైల్వేలో పనిచేసి, తరువాత పాల అంగడి పెట్టి, చివరకు టిబిలిసి నగరంలోని సారా అంగళ్లకు బోర్డులూ బొమ్మలూ వేస్తూ బ్రతికాడు. కూలి చాలాసార్లు తిండి రూపంలోనే ముట్టేది. మన గాంధీ రోడ్డులో ఫ్లెక్సీలు రాకముందు కుంచె పట్టి బోర్డులు వ్రాసినవారి కోవకు చెందినవాడే ఆయన. చిత్రకళ బడిలో చదువుకోలేదు. 1912లో యువ కళాకారులైన జ్దనేవిచ్ సోదరులూ వారి మిత్రుడు లె దంత్యూ ఆయన చిత్రాల విలువ గుర్తించగా, మరుసటి ఏడాదే కొన్ని మాస్కోలో ప్రదర్శనకు వెళ్లాయి. అయినా ఆయన బ్రతుకు మారలేదు. 1916లో ఒక పత్రిక ఆయనను ఎగతాళి చేస్తూ వ్యంగ్యచిత్రం వేసింది. 1918లో పేదరికంలోనే కన్నుమూశాడు. సమాధి ఎక్కడుందో తెలియదు.

మార్గరీట అనే నటిని ప్రేమించి, ఉన్నదంతా అమ్మి ఆమె వాకిట పూలు పరిపించాడన్న కథ ఆయన చుట్టూ అల్లుకున్నది. ఆయన వేసిన నటి బొమ్మ ఉన్నమాట నిజం. పూల సంగతి ఐతిహ్యం. ఆండో పట్టుకున్నది ఈ ఐతిహ్యాన్నే. ప్రకృతిలో నీలి గులాబీ లేదు కనుక, ఆ రంగు ఎంచుకోవడంలోనే ఇది కల్పన అని ఆయన ఒప్పుకున్నట్లు నాకు తోస్తుంది. అందుకే ఆ బల్ల నాకు నచ్చింది. పైగా 1941లో పుట్టిన ఆండో కూడా, ఒకప్పుడు బాక్సింగ్ చేసి, వాస్తుకళను ఏ కళాశాలలోనూ చదవకుండా సొంతంగా నేర్చుకొని, 1995లో వాస్తుకళకు ఇచ్చే పెద్ద బహుమానమైన ప్రిట్జ్‌కర్ పురస్కారం పొందినవాడు. ఆ చుట్టరికం గులాబీల కంటె గట్టిది.

అయితే నాకు పిరోస్మానీ జీవితంలో పూల కంటె గుడ్డ ముఖ్యం. ఆయన ఎక్కువగా నల్లని ఆయిల్‌క్లాత్ మీద వేసేవాడు. నలుపు కావలసిన చోట రంగు పూయకుండా గుడ్డనే వదిలేసేవాడు. జంతువుల ఒళ్లూ రాత్రి ఆకాశమూ అట్లా ఏర్పడినవే. మన శ్రీకాళహస్తి కలంకారీవారి పని దీనికి సరిగ్గా తలక్రిందులు. వారు కరక్కాయ కలిపిన పాలలో గుడ్డను తడిపి ఆరబెట్టి, చింతపుల్ల బొగ్గుతో గీసుకొని, ఇనుపముక్కలు బెల్లంనీళ్లలో ఊరబెట్టి తీసిన నలుపును వెదురుకలంతో గీత గీతకూ దింపుతారు. ఒకచోట నలుపును తెచ్చి పెట్టాలి, మరొకచోట దానిని ముట్టకుండా కాపాడాలి. చేతికి దొరికిన చవక సరుకే పిరోస్మానీకి శైలి అయింది. ఆయన జీవితం నుండి ప్రేరణ పొందే కళాకారులు ఈ సంగతిని ఇంకా ఎక్కువగా పట్టించుకోవలసింది.

నల్ల చార్టు ఒకటి కొని, తెలుపు, పసుపు రంగులతో మాత్రమే ఎనుమును వేసి చూడండి; నల్లరంగు డబ్బా మూత తీయవద్దు. వేసినది పోస్టులో పంపండి. వేసవికి వచ్చినప్పుడు కాళహస్తికి పోదాము.

ఇట్లు,
మీ తాత