మేడ మీద చల్లటి రొయ్యల పాస్తా

చిన్నీ, బుజ్జీ, మిగతా కోతిమూకకీ,

ఆదివారం మేడ మీద భోజనాలకి వంట మీరే చేస్తామన్నారట. అదీ చల్లటి రొయ్యల పాస్తా సలాడ్! ఫోన్లో చెబితే సగం విని పెట్టేస్తారు, అందుకే రాస్తున్నాను.

ముందు రొయ్యల సంగతి. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా మన తూర్పు తీరంలో మరపడవలకి వేట నిషేధం, చేపలూ రొయ్యలూ గుడ్లు పెట్టే కాలమని. అందుకని మే నెలలో రాంనగర్ మార్కెట్లో ఎవరైనా ‘తాజా సముద్రం సరుకమ్మా’ అంటే కాస్త అనుమానించండి. మీకు దొరికేది చాలావరకు భీమవరం వైపు చెరువుల్లో పెరిగి, ఐసు పెట్టెల్లో వచ్చిన వెనామీ రకం రొయ్యే. దానికేం లోటు లేదు. తల వదులైపోకూడదు, ముక్కుకి ఘాటు తగలకూడదు, అంతే. కిలో కొంటే తలా పొట్టూ పోగా సుమారు సగం మిగులుతుంది. వీపు మీద నల్లటి నరం తియ్యడానికి బద్ధకించకండి.

ఇది నేను మొదటిసారి చేసినప్పుడు ఇగురు అలవాటు కొద్దీ రొయ్యల్ని పావుగంట ఉడికించాను. రబ్బరే! అల్లుడు పాపం, నములుతూనే ‘బావుందత్తయ్యా’ అన్నాడు. ఇగురులో అయితే మసాలా కాపాడుతుంది, ఇందులో దాక్కోడానికి చోటు లేదు. మరిగే ఉప్పునీళ్లలో రెండు మూడు నిమిషాలు చాలు. లోపలి కండ తెల్లబడి, రొయ్య కొడవలిలా వంగగానే తీసెయ్యండి. సున్నాలా చుట్టుకుపోయిందంటే ముదిరినట్టే. వెంటనే ఐసు నీళ్లలో వెయ్యండి, లేకపోతే సొంత వేడికి ఇంకా ఉడుకుతుంది. తర్వాత బట్టతో తడి అద్దండి.

పాస్తా అరకిలోకి ఐదు లీటర్ల నీళ్లు, మూడు చెంచాల ఉప్పు. మెలికలు తిరిగిన రకం కొనండి, పెరుగు ఆ మెలికల్లో నిలుస్తుంది. వేడిగా తినేదైతే పలుకు మీదే దించుతారు. మీరు మాత్రం ప్యాకెట్ మీద రాసినదానికంటే ఒక నిమిషం ఎక్కువ ఉంచండి. రాత్రి అన్నం ఫ్రిజ్‌లో పెడితే పొద్దుటికి మెతుకు బిరుసెక్కదూ? గంజి చల్లారితే గట్టిపడుతుంది, పాస్తాకీ అదే గతి. వార్చాక చన్నీళ్లతో కడగండి. ఇటలీ వాళ్లు చూస్తే నెత్తి కొట్టుకుంటారు గానీ, కడక్కపోతే పైనున్న జిగురుకి అంతా ఒకటే ముద్దవుతుంది.

మయొనైజ్ వద్దు. 2024 అక్టోబరులో మన తెలంగాణలో పచ్చిగుడ్డు మయొనైజ్‌ని ఏడాది పాటు ఆపేశారు, గుర్తుందిగా. ఈ ఎండలో దాన్ని మేడ ఎక్కించడం నాకిష్టం లేదు. గట్టి పెరుగు పలచటి బట్టలో మూటకట్టి రెండు గంటలు ఫ్రిజ్‌లోనే వేలాడదియ్యండి. అందులో నిమ్మరసం, రెండు చెంచాల ఆలివ్ నూనె, మిరియాల పొడి, చిటికెడు ఆవపిండి. ఆవ పెట్టడం మనకేం కొత్త! కీరదోస ముక్కలకి ఉప్పు రాసి పిండెయ్యండి, లేకపోతే గంటలో అడుగున చెరువే. పచ్చిమామిడి సన్నగా తరిగి గుప్పెడు వేస్తారా, అది నా సొంత తెలివి.

పాస్తా, రొయ్యలు, ముక్కలకి పెరుగు మిశ్రమం సగమే కలిపి ఫ్రిజ్‌లో పెట్టండి. పాస్తా అదంతా పీల్చేసుకుంటుంది, మిగతా సగం వడ్డించే ముందు కలపాలి. ఉప్పూ అప్పుడే మళ్లీ చూడాలి. చల్లబడితే నాలుకకి ఉప్పు తెలియదు. వేడి మీద సరిపోయిందనుకున్నది చల్లారాక చప్పగా ఉంటుంది.

మీ స్నేహితుల్లో రొయ్యలు పడనివాళ్లున్నారేమో ముందే అడగండి. ఉంటే వాళ్లకి గిన్నే గరిటే వేరు, పాస్తా ఉడికించే నీళ్లూ వేరే.

ఆరు దాటాకే పైకి తెండి. నా పేరు చెక్కిన పెద్ద స్టీలు బేసిన్ ఉంది చూడండి, అందులో ఐసు పోసి గిన్నె అందులో కూర్చోబెట్టండి. ఇంత వేడిలో గంటకి మించి బయట ఉంటే పారెయ్యాల్సిందే. మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టి రేపు తిందామనుకోకండి. కరెంటు పోతే ఫ్రిజ్ తలుపు మాటిమాటికీ తియ్యకండి.

ఐసు శనివారం రాత్రే గడ్డకట్టించుకోండి. ఫ్రీజర్లో చోటు కోసం నా గోంగూర డబ్బా పక్కకి జరపండి, పారెయ్యకండి.

మీ అమ్మమ్మ