పెళ్ళిపెద్ద పని

చిరంజీవులైన మనవలకు, మనవరాళ్ళకు తాతయ్య ఆశీస్సులు.

మొన్న రాత్రి ‘సెర్చింగ్ ఫర్ షుగర్ మ్యాన్’ డాక్యుమెంటరీ చూసిన తర్వాత, “పాడింది రోడ్రిగ్జ్, ఆయనను వెతికింది దక్షిణాఫ్రికావాళ్ళు, మరి ఆస్కార్ అందుకున్న ఆ స్వీడన్ అబ్బాయి చేసిందేమిటి తాతయ్యా?” అని మీలో చిన్నది అడిగింది. నిద్ర వస్తోందని అప్పటికి తప్పించుకున్నాను కానీ, ఆ ప్రశ్న నన్ను నిద్రపోనివ్వలేదు.

ఆయన పేరు మాలిక్ బెంజెలూల్, ఆ సినిమాకు దర్శకుడు, ప్రొడ్యూసర్లలో ఒకడు. 1977లో పుట్టాడు. చిన్నతనంలోనే ఒక టీవీ ధారావాహికలో నటించాడు. పెద్దయ్యాక స్వీడన్ టెలివిజన్ సంస్థ ఎస్‌వీటీలో, కళల గురించి చెప్పే ‘కోబ్రా’ కార్యక్రమానికి విలేఖరిగా పనిచేశాడు. ఆ ఉద్యోగం మానుకుని, కెమెరా పట్టుకుని ఆఫ్రికా, దక్షిణ అమెరికా ఖండాల్లో కథల కోసం తిరిగాడు. కేప్‌టౌన్‌లో ఒక రికార్డుల దుకాణం యజమాని చెప్పిన కథ ఆయనను కట్టిపడేసింది. డెట్రాయిట్ గాయకుడు రోడ్రిగ్జ్ 1970లో తెచ్చిన పాటల రికార్డును అమెరికాలో కొన్నవారే లేరు, దక్షిణాఫ్రికాలో మాత్రం అది ఇంటింటా మోగింది. పాడినవాడు ఏనాడో చనిపోయాడని అక్కడివారు నమ్ముతున్న కాలంలో, ఆయన తన ఊళ్ళో పాత ఇళ్ళు పడగొట్టే పనిచేసుకుంటూ బతికే ఉన్నాడు.

ఇలాంటి కథను తెరమీదికి తెచ్చే ప్రొడ్యూసర్ మన పెళ్ళిపెద్దలాంటివాడు. నా తొమ్మిదో ఏట మా అక్క పెళ్ళిలో, అర్ధరాత్రి ముహూర్తానికి కాస్త ముందు పెట్రోమాక్స్ లైటు ఆరిపోయింది. మా పెదనాన్న ఒక్క మాటా అనకుండా ఇంటింటి నుంచి లాంతర్లు తెప్పించి పందిరి గుంజలకు కట్టించాడు. రెండు లాంతర్లు తెమ్మని నన్ను పంపితే, నేను ఒకదాని చిమ్నీ పగలగొట్టుకుని వచ్చాను. “ఇంకొకటి ఉందిగా!” అన్నాడే తప్ప కోప్పడలేదు. పని ఆగకూడదనుకునేవాడికి పోయినదాని గురించి విచారించే తీరిక ఉండదు.

మాలిక్‌కూ డబ్బు అయిపోయింది. ఎనిమిది మిల్లీమీటర్ల ఫిల్ము కొనలేక, మిగిలిన కొన్ని దృశ్యాలను, ఆ ఫిల్ముతో తీసినట్టే కనిపించేలా చేసే రెండు డాలర్లకు మించని యాప్‌తో తన ఫోనులోనే తీశాడు. సినిమాలో కదిలే బొమ్మలు తానే గీశాడు, కంప్యూటర్‌పై కొంత సంగీతమూ తానే కూర్చాడు. పెళ్ళిపెద్దే వంటవాడు, సన్నాయివాడు కూడా అయ్యాడన్నమాట. బ్రిటన్‌కు చెందిన సైమన్ చిన్ ప్రొడ్యూసర్‌గా తోడయ్యాక సినిమా గట్టెక్కి, 2012లో అమెరికాలోని సన్‌డాన్స్ చలనచిత్రోత్సవంలో మొదటిసారి ప్రదర్శితమైంది, మరుసటి ఏడాది ఆస్కార్ గెలిచింది. ఆ వేడుకకు రోడ్రిగ్జ్ వెళ్ళలేదు, ఘనత సినిమా తీసినవారికే దక్కాలన్నాడు. పెళ్ళికొడుకు రాని పెళ్ళి ఎక్కడైనా ఉందా అని మీరు నవ్వుతారు. నవ్వండి, నా పోలికను మాత్రం నేను వదలను.

మాలిక్ 2014లో, 36 ఏళ్ళకే కన్నుమూశాడు. ఆయన ఎవరి కథ వెంటపడ్డాడో ఆ రోడ్రిగ్జ్ 2023 దాకా జీవించాడు. ఒకే ఒక్క కథను నమ్మి, చేతిలో డబ్బు లేకుండా మాలిక్ అన్నేళ్ళు ఎలా నిలబడ్డాడో నాకు ఇప్పటికీ అంతుపట్టదు.

ఆ సినిమా మళ్ళీ పెట్టుకుని చూడండి. అందులో ఫోనుతో తీసిన దృశ్యాలు ఏవో కనిపెట్టి నాకు రాయండి. నేను రెండుసార్లు చూసినా పోల్చుకోలేకపోయాను.

మీ తాతయ్య