మేయర్ కుర్చీకి ముందు ముప్పై ఏళ్లు

మాడపాటి హనుమంతరావు అనగానే హైదరాబాద్ తొలి మేయర్ అంటారు. 1951లో ఆ కుర్చీలో కూర్చునేనాటికి ఆయనకు అరవై ఆరేళ్లు. ఆయన అసలు పనంతా అంతకుముందే జరిగింది. అందులో నల్గొండ, పాలమూరు జిల్లాలకు పెద్ద వాటా ఉంది.

1885లో ఎర్రుపాలెంలో పుట్టినా చిన్నప్పటి చదువు సూర్యాపేటలోనే. అప్పట్లో నిజాం రాజ్యంలో సర్కారు కచేరీలోనూ బడిలోనూ ఉర్దూయే. తెలుగు ఇంటికే పరిమితం. 1921 నవంబరులో హైదరాబాద్‌లో మహారాష్ట్ర సంఘసంస్కర్త మహర్షి కార్వే అధ్యక్షతన సంఘ సంస్కరణ సభ జరిగింది. అల్లంపల్లి వెంకటరామారావు తెలుగులో మాట్లాడబోతే సభలో కొందరు గేలిచేసి నోరెత్తనివ్వలేదు. ఆ అవమానం భరించలేక, ఆ రాత్రే కొందరు తెలుగువాళ్లు టేకుమాల రంగారావు ఇంట్లో కూడి ఆంధ్ర జనసంఘం పెట్టారు. దాన్ని ఊరూరా నిలబెట్టినవాడు మాడపాటి.

ఆ సంఘం వేసిన చిన్న పుస్తకాల్లో ఒకటి వెట్టిచాకిరి మీద. అమీను, అంటే పోలీసు అధికారి, ఊళ్లోకి వస్తే కుమ్మరి కుండలివ్వాలి, కోమటి సరుకులివ్వాలి, మాదిగ మూట మోయాలి. పైసా ముట్టదు. ఇదంతా సర్కారు ఉత్తర్వులకే విరుద్ధమని ఊళ్లో ఎవరికీ తెలియదు. ఉర్దూ, ఫార్సీ బాగా వచ్చిన మాడపాటి లాంటివాళ్లు ఆ ఉత్తర్వుల సంగతి తెలుగులో అచ్చువేసి పంచారు. పటేల్, పట్వారీల ముందు నోరు విప్పడానికి జనానికి దొరికిన మొదటి ఆధారం అదే.

1928లో ఆయన హైదరాబాద్‌లో తెలుగు మాధ్యమంలో ఆడపిల్లల హైస్కూలు పెట్టారు. తెలుగులో చదివితే ఇక్కడ గుర్తింపు లేదు. అందుకని పుణేలో కార్వే స్థాపించిన మహిళా విశ్వవిద్యాలయం పరీక్షలకు పిల్లల్ని పంపారు. నాకు ఆయన జీవితంలో అన్నిటికన్నా గొప్పగా కనిపించేది ఈ పట్టుదలే.

1930లో జోగిపేటలో ఆ జనసంఘమే ఆంధ్రమహాసభగా మారింది. అధ్యక్షుడు పాలమూరు బిడ్డ సురవరం ప్రతాపరెడ్డి. మరుసటేడు దేవరకొండ సభకు బూర్గుల రామకృష్ణారావు, 1935 సిరిసిల్ల సభకు స్వయంగా మాడపాటి, 1936 షాద్‌నగర్ సభకు కొండా వెంకటరంగారెడ్డి అధ్యక్షత వహించారు. 1944లో భువనగిరికి వచ్చేసరికి కమ్యూనిస్టు రావి నారాయణరెడ్డి తరం ముందుకొచ్చింది, సభ రెండుగా చీలింది. అర్జీలు పెట్టుకునే మితవాది అని మాడపాటిని పక్కన పెట్టేవాళ్లు అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉన్నారు. ఆ మాట సగమే నిజం. దొరల మీద తిరగబడ్డ నల్గొండ కుర్రాళ్లలో చాలామంది ఈ ఆంధ్రమహాసభలో, ఆనాటి తెలుగు గ్రంథాలయాల్లో రాజకీయం నేర్చుకున్నవాళ్లే.

1955లో పద్మభూషణ్ వచ్చింది. తర్వాత శాసనమండలి అధ్యక్షుడిగా పనిచేశారు. 1970లో కన్నుమూశారు.