రోజుకు వెయ్యి జంతువుల భోజనం? ప్రాచీన పర్షియా కొలువుపై అపోహలు - వాస్తవాలు

ప్రాచీన పర్షియా రాజుల గురించి మనం వినే కథల్లో చాలావరకు గ్రీకులు రాసిపెట్టినవే. పర్షియాతో యుద్ధం చేసినవాళ్లు, అక్కడి రాజు దగ్గర కొలువు చేసినవాళ్లు, అసలు ఆ గడ్డ మీద కాలు పెట్టనివాళ్లు, అందరూ రాశారు. కథలు బాగుంటాయి. చరిత్ర పాఠం చెప్పేవాడిగా నేనూ వాటిని వాడుకుంటాను, లేకపోతే వెనక బెంచీలు నిద్రపోతాయి. కానీ కొలువు రోజూ ఎలా నడిచేదో తెలుసుకోవాలంటే నేను నమ్మేది గోదాము గుమాస్తాలను.

ఈ గుమాస్తాల లెక్కలు మనకు దొరకడం అదృష్టమే. 1933లో పర్సెపొలిస్‌లో, అంటే ఇప్పటి ఇరాన్‌లోని షిరాజ్‌కు ఈశాన్యంగా, ఎర్నెస్ట్ హెర్ట్స్‌ఫెల్డ్ బృందం తవ్వుతుంటే కోటగోడలో వేల కొద్దీ మట్టి పలకలు బయటపడ్డాయి. చాలావరకు అరచేతిలో పట్టేంతవే. ఎక్కువ భాగం ఎలామైట్ భాషలో, అంటే నైరుతి ఇరాన్ పాత భాషలో ఉన్నాయి. క్రీ.పూ. 509 నుంచి 493 వరకు, మొదటి డేరియస్ కాలంలో, ఎవరికి ఎంత బార్లీ ఇచ్చారు, ఎంత వైన్ పోశారు, ఎన్ని గొర్రెలు తోలారు అనే లెక్క అందులో ఉంది. యుద్ధాల ఊసే లేదు. చదవడానికి విసుగు పుట్టిస్తాయి, అందుకే వాటి మీద నాకు నమ్మకం. ఇరాన్ మీద అమెరికాలో నడిచిన ఒక నష్టపరిహారం కేసులో ఈ పలకలనే జప్తు చేయాలని అడిగారు. కుదరదని 2018లో అక్కడి సుప్రీంకోర్టు తేల్చింది.

అపోహ: పర్షియన్ కొలువు అంటే మొఘల్, నిజాం దర్బారు లాంటిదే.

కాదు. మనకు తెలిసిన పారశీకం, షేర్వాణీలు, ఫర్మానాలు చాలా తర్వాతి కాలానివి. ఇక్కడ మాట్లాడుతున్న అకేమెనిడ్ వంశం క్రీ.పూ. 550 ప్రాంతంలో సైరస్‌తో పైకొచ్చి, క్రీ.పూ. 330లో అలెగ్జాండర్ చేతిలో ముగిసింది. ఇస్లాం రావడానికి ఇంకా 900 ఏళ్లకు పైగా ఉంది. వాళ్ల పర్షియన్ భాష కొండల మీద, గోడల మీద మేకుల్లాంటి లిపిలో కనిపిస్తుంది. ఆఫీసు పని మాత్రం ఎలామైట్, అరమాయిక్ భాషల్లో జరిగేది. శాసనాల్లో రాజు తలుచుకునేది అహురమజ్దా దేవుణ్నే. అయితే అదే రాజ్యంలో ఎలామైట్ దేవుడు హుంబన్‌కు, మెసొపొటేమియా దేవుడు అదద్‌కు, కొండలకూ నదులకూ కూడా సర్కారు గోదాము నుంచే నైవేద్యాలు వెళ్లేవి. ఆ రాజులు పక్కా జరతుష్ట్ర మతస్థులని ఒక్క ముక్కలో తేల్చేసేవాళ్లు ఈ లెక్క చూడాలి.

అపోహ: రాజు విందుకు రోజూ వెయ్యి జంతువులను కోసేవారు. అంత తిండిపోతులు.

వెయ్యి అన్నమాట నిజంగానే ఉంది. క్యూమీ ఊరి హెరాక్లిడీస్ అనే గ్రీకు రచయిత క్రీ.పూ. 4వ శతాబ్దంలో రాశాడు. గుర్రాలు, ఒంటెలు, ఎద్దులు, గాడిదలు, జింకలు, గొర్రెలు, పక్షులు, అన్నీ కలిపి. మన యూట్యూబ్ వీడియోలు ఇక్కడ ఆగిపోతాయి. హెరాక్లిడీస్ ఆగలేదు. వడ్డించేది ఒక్కొక్కరికీ మితంగానే అని, అతిథులు మిగిలింది ఇంటికి తీసుకెళ్తారని, మాంసంలో, రొట్టెల్లో పెద్ద భాగం రాజు పోషించే కాపలా సైనికుల కోసం ప్రాంగణంలోకి వెళ్తుందని కూడా రాశాడు. గ్రీసులో కిరాయి సైనికుడికి డబ్బు ఎలాగో, అక్కడ సైనికుడికి ఈ తిండి అలాగ అని ఆయనే పోల్చాడు. అంటే అది విందు కాదు, జీతాల పంపకం.

ఇది గ్రీకు రచయిత మాటే కదా అంటారా? పలకల్లో పర్నక్కా అనే ఆయన ఉన్నాడు. పర్సెపొలిస్ ప్రాంత పాలన అంతా చూసిన పెద్ద అధికారి, రాజబంధువు. ఆయన రోజు కోటా 2 గొర్రెలు, దాదాపు 87 లీటర్ల వైన్, దానికి రెట్టింపు పిండి. ఒక్క మనిషి రోజుకు 87 లీటర్లు తాగితే పాలన సంగతి దేవుడెరుగు, ప్రాణం కూడా నిలవదు. ఆ కోటాలో ఆయన సిబ్బంది, ఇంటివాళ్లు, ఆయన మీద ఆధారపడ్డవాళ్లు అందరూ ఉన్నారు. హోదా పెరిగేకొద్దీ కోటా పెరుగుతుంది, దాని కింద బతికేవాళ్లూ పెరుగుతారు. రాజు బల్ల ఈ ఏర్పాటులో అన్నిటికన్నా పై మెట్టు. 'రాజు ముందు' ఖర్చయిన ధాన్యం, గొర్రెలు, కోళ్ల లెక్కలు కూడా విడిగా రాశారు.

భోజనం జరిగే తీరు నాకు ఇంకా ఆసక్తిగా ఉంటుంది. హెరాక్లిడీస్ ప్రకారం రాజు ఎక్కువగా ఒంటరిగా తినేవాడు. అతిథుల్లో కొందరు బయట తినేవారు, దగ్గరివాళ్లు రాజు గదికి ఎదురుగదిలో. మధ్యలో తెర. ఆయనకు వాళ్లు కనిపిస్తారు, వాళ్లకు ఆయన కనిపించడు. తర్వాత ఓ డజను మందిని తాగడానికి పిలిస్తే, రాజు బంగారు కాళ్ల మంచం మీద ఒరిగి ఉంటాడు, వాళ్లు నేల మీద కూర్చోవాలి. తాగే వైన్ కూడా ఆయనది వేరు, వాళ్లది వేరు. పిలుపు రావడమే గౌరవం. పిలిచాక కూడా తన స్థానం ఏమిటో ప్రతి గుక్కకూ తెలుస్తూనే ఉంటుంది.

పర్షియన్లు తాగిన మత్తులో రాజ్య నిర్ణయాలు తీసుకునేవారని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ పేరు చెప్పి రాస్తుంటారు. ఆయన రాసిన రెండో సగం వదిలేస్తారు: మర్నాడు మత్తు దిగాక మళ్లీ చర్చించి, అప్పుడూ నచ్చితేనే అమలు చేసేవారట.

అపోహ: రాణులు అంతఃపురంలో బందీలు. పనిలేక కుట్రలు చేసేవారు.

పర్సెపొలిస్‌లో డేరియస్ కొడుకు జెర్క్సిస్ అంతఃపురం అని ఒక భవనాన్ని చూపిస్తారు. ఆ పేరు పెట్టింది హెర్ట్స్‌ఫెల్డ్. అక్కడ ఆడవాళ్లు ఉన్నారనడానికి గట్టి ఆధారం లేదు. పేరు మాత్రం అతుక్కుపోయింది, ఇప్పుడు అందులో మ్యూజియం నడుస్తోంది.

పలకల్లో కనిపించే రాణులు వేరే మనుషులు. డేరియస్ భార్య ఇర్తష్దునాను గ్రీకులు ఆర్టిస్టోనీ అన్నారు. ఆమెకు 100 గొర్రెలు, దాదాపు 2,000 లీటర్ల వైన్ ఇవ్వమని రాజు పర్నక్కాకు ఆజ్ఞ పంపాడు. ఆమె కోసమో, ఆమె ఏర్పాటు చేసే ఏదో పెద్ద విందు కోసమో అయ్యుంటుంది. ఆమెకు సొంత భూములున్నాయి, వాటిని చూసుకునే మనుషులున్నారు. ఫలానా చోట ఇంత ఇవ్వు అని ఆమె తన ముద్ర వేసి పంపిన ఉత్తరాలు దొరికాయి. ఇర్దబామా అనే ఇంకో రాజవంశ స్త్రీకి షిరాజ్ దగ్గర పెద్ద కూలీల బృందమే ఉండేది. ఈ స్త్రీలు ప్రయాణాలు చేసేవారు, దారిలో వాళ్ల పరివారానికి రేషన్లు అందేవి. హెరొడోటస్ మాత్రం అధికారమంతా అటోసా రాణి చేతిలో ఉందన్నాడు. ఈ ఇద్దరితో పోలిస్తే పలకల్లో అటోసా ఊసు చాలా తక్కువ.

అలాగని అక్కడ స్త్రీ స్వాతంత్ర్యం వర్ధిల్లిందని ఇంకో పోస్టు రాసేయకండి. పర్సెపొలిస్ రాతి శిల్పాల్లో ఒక్క స్త్రీ కూడా లేదు. ఆడ ప్రాణి అంటూ ఉంటే అది ఎలామైట్లు కానుకగా తెస్తున్న ఆడసింహం. కూలీ స్త్రీలు ప్రసవించినప్పుడు అదనపు రేషన్ ఇచ్చేవారు, నిజమే. మగబిడ్డను కన్న తల్లికి ఆడబిడ్డ తల్లికి ఇచ్చినదానికి రెట్టింపు ఇచ్చేవారు, అదీ నిజమే. అరష్షరా అనే హోదాలో కూలీలపై అజమాయిషీ చేసే స్త్రీలకు మామూలు మగ కూలీ కంటే ఎక్కువ ధాన్యం, పైగా వైన్, మాంసం దక్కేవి.

అపోహ: పర్సెపొలిస్‌ను బానిసలు కట్టారు. దానికి ఎదురు అపోహ: బానిసలే లేరు, అందరూ జీతగాళ్లు.

పలకలు వాళ్లను కుర్తష్ అంటాయి. మామూలు మగ కూలీకి నెలకు 30 లీటర్లకు కాస్త అటూ ఇటూగా బార్లీ. ఈజిప్టు, అయోనియా, లిసియా లాంటి దూరప్రాంతాల వాళ్లు వందల సంఖ్యలో ఉన్నారు. వాళ్లలో ఎందరు ఇష్టపడి వచ్చారు, ఎందరిని తోలుకొచ్చారు అన్నది లెక్కల్లో రాయరు. రేషన్ అందిందంటే స్వేచ్ఛ ఉందని అర్థం కాదు. సూసా రాజభవనం గురించి డేరియస్ వేయించిన శాసనం మాత్రం గర్వంగా జాబితా చదువుతుంది: లెబనాన్ దేవదారు, సార్డిస్, బాక్ట్రియాల బంగారం, ఈజిప్టు వెండి, ఇటుకలకు బాబిలోన్ వాళ్లు, రాతిపనికి అయోనియన్లు. ఏనుగు దంతం కూష్, అరకోసియాలతో పాటు హిందూష్ నుంచి కూడా వచ్చిందట. హిందూష్ అంటే సింధు నది ప్రాంతం, మన దక్కన్ దాకా లాగకూడదు. అక్కడి నుంచి సూసాకు రాజు ముద్ర ఉన్న పత్రంతో వెళ్తున్న ప్రయాణికులకు దారిలో పిండి కొలిచి ఇచ్చిన పలకలూ ఉన్నాయి.

అపోహ: పర్షియన్లు రాజును దేవుడిగా కొలిచేవారు.

ఇది వంగి దణ్ణం పెట్టడం దగ్గర వచ్చిన తగాదా. గ్రీకులు నేలకు ఒంగేది దేవుడికే. పర్షియాలో రాజుకు ఒంగడం చూసి, అయితే ఇతను వీళ్ల దేవుడన్నమాట అనుకున్నారు. మనం తాతగారి కాళ్లకు మొక్కితే ఆయన్ని గుళ్లో కూర్చోబెట్టినట్టా? క్రీ.పూ. 327లో బాక్ట్రియాలో అలెగ్జాండర్ ఈ పద్ధతిని తనవాళ్లకూ పెట్టబోతే అతని వెంట ఉన్న చరిత్రకారుడు కాలిస్తనీస్ అడ్డం తిరిగాడు. పర్షియా శాసనాల్లో రాజు తనను దేవుడనుకోలేదు, అహురమజ్దా దయ వల్ల రాజునయ్యానని పదేపదే అంటాడు. పర్సెపొలిస్ ఖజానాలో దొరికిన శిల్పంలో రాజు సింహాసనం మీద, వెనక యువరాజు, ముందు రెండు ధూపపాత్రలు. వాటి అవతల అధికారి కాస్త ముందుకు వంగి, చెయ్యి నోటి దగ్గర పెట్టుకుని నిలబడ్డాడు. నేల మీద పడలేదు. ఈజిప్టులో మాత్రం అదే డేరియస్‌ను ఫరోగా, అక్కడి లాంఛనాలన్నిటితో చూపించారు. ఏ ఊరికి తగ్గ వేషం ఆ ఊళ్లో.

అపోహ: ప్రపంచంలో మొదటి మానవ హక్కుల ప్రకటన సైరస్‌దే.

వాట్సాప్‌లో ఏటా చక్కర్లు కొట్టేది ఇదే. 1879లో బాబిలోన్ తవ్వకాల్లో హొర్ముజ్ద్ రస్సామ్‌కు దొరికిన, సైరస్ శాసనం ఉన్న పీపా ఆకారపు మట్టి వస్తువు ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. 2013 చివర్లో ముంబైకి ప్రదర్శనకు కూడా వచ్చింది. 1971లో ఇరాన్ షా 2,500 ఏళ్ల ఉత్సవాలకు దాన్ని చిహ్నంగా పెట్టుకున్నాడు, నకలు ఒకటి ఐక్యరాజ్యసమితికి ఇచ్చారు. అప్పటి నుంచి హక్కుల ప్రకటన అనే పేరు స్థిరపడింది.

అందులో అసలు ఏముందంటే: బాబిలోన్ దేవుడు మర్దూక్ పాత రాజు మీద కోపగించి సైరస్‌ను ఎంచుకున్నాడు, యుద్ధం లేకుండానే అతను నగరంలోకి వచ్చాడు, చెదిరిపోయిన విగ్రహాలను వాటి గుళ్లకు చేర్చాడు, గోడ బాగుచేయించాడు. కొత్త రాజు పాత పద్ధతిలో వేసుకున్న పునాది శాసనం ఇది. అందులోనే అస్సీరియా రాజు అషుర్బానిపాల్ శాసనం కనిపించిందని కూడా చెప్పుకున్నాడు. బానిసత్వం రద్దు చేశాననే వాక్యం ఇంటర్నెట్‌లో తిరిగే నకిలీ అనువాదంలో ఉంది, పీపా మీద లేదు. యూదుల ప్రస్తావన కూడా లేదు, అది బైబిల్‌లోని ఎజ్రా గ్రంథంలో ఉంది. యుద్ధం లేకుండా అన్నదానికి కూడా ముందు కథ ఉంది. అదే ఏడాది, క్రీ.పూ. 539లో, ఓపిస్ దగ్గర సైరస్ యుద్ధం చేసి, దోచుకుని, జనాన్ని చంపించాడని బాబిలోన్ క్రానికల్ చెబుతోంది. సైరస్ తెలివైన రాజు. జయించిన చోట అక్కడి దేవుడి పేరుతోనే మాట్లాడాడు. అంతకు మించి మోయించడం అన్యాయం.

అపోహ: పర్సెపొలిస్ ఒక్కటే రాజధాని.

రాజు ఒకచోట ఉండేవాడు కాదు. సూసా, బాబిలోన్, ఎక్బటానా, పర్సెపొలిస్ మధ్య కాలాన్ని బట్టి కొలువంతా గుడారాలతో సహా తరలేది. రాజు తాగే నీళ్లు కూడా సూసా దగ్గరి ఖొయాస్పెస్ నదివే. కాచి, వెండి పాత్రల్లో పోసి, కంచరగాడిదల బండ్ల మీద వెంట తెచ్చేవారని హెరొడోటస్ అంటాడు. హైదరాబాద్ వాళ్ల కోసం ఒక చిన్న సంగతి: పర్సెపొలిస్‌లో జెర్క్సిస్ కట్టించిన సర్వదేశాల ద్వారం మీద పేరు చెక్కుకున్నవాళ్లలో జాన్ మాల్కం ఒకడు. ఈస్టిండియా కంపెనీ రాయబారిగా 1800లో పర్షియా వెళ్లిన ఇతను, అంతకు ముందు 1798లో హైదరాబాద్ రెసిడెంటుకు అసిస్టెంటు.

అపోహ: అక్కడ రాజులంతా విషంతోనో కత్తితోనో పోయారు.

కొన్ని నిజం. క్రీ.పూ. 465లో జెర్క్సిస్ హత్య జరిగింది. గ్రీకుల కథలో హంతకుడు అర్టబానస్ అనే అధికారి, నింద పడింది యువరాజు మీద. బాబిలోన్ గ్రహణాల పలక ఒకటి, జెర్క్సిస్‌ను అతని కొడుకే చంపాడని ఒక్క ముక్కలో రాసింది. అది జరిగినదేనా, గద్దెనెక్కిన అర్టాజెర్క్సిస్ ప్రకటించిన అధికారిక కథా అన్నది వాదనే. హత్య అన్నదాంట్లో మాత్రం వాదన లేదు.

క్రీ.పూ. 338లో పోయిన మూడో అర్టాజెర్క్సిస్ సంగతి వేరు. నపుంసక అధికారి బాగోస్ వైద్యుడి చేత విషం పెట్టించాడని గ్రీకు చరిత్రకారుడు డయోడోరస్ రాశాడు. తర్వాత అదే బాగోస్ చేత మూడో డేరియస్ విషం తాగించాడని కూడా. కథ ఇంత చక్కగా గుండ్రంగా ముగిస్తే నాకు అనుమానం వస్తుంది. బాబిలోన్ పలక ఒకటి మూడో అర్టాజెర్క్సిస్ మరణానికి వాడిన మాట సహజ మరణానికి వాడేది. నెల, రాజు పోవడం, కొడుకు అర్సెస్ గద్దెనెక్కడం, అంతే ఉంది. విషం లేదు, వైద్యుడు లేడు, బాగోస్ లేడు. ఈ విషయంలో నా ఓటు ఆ పలకకే.