తలా తోకా కలిస్తేనే డెంగీ

వానలు పడితే చాలు, బెంగళూరు మారతహళ్లి పీజీల్లో మనవాళ్ల వాట్సాప్ గ్రూపుల నిండా ప్లేట్‌లెట్ లెక్కలే. 2024లో కర్ణాటక ప్రభుత్వం డెంగీని ఎపిడమిక్ వ్యాధిగా ప్రకటించింది కూడా. సందు చివరి ల్యాబ్‌లో చేసే ఎన్‌ఎస్1 టెస్ట్ పట్టుకునేది వైరస్ తాలూకు ఒక ప్రొటీన్‌ని. దాని రెసిపీ ఉండేది వైరస్ జన్యు సమాచారమంతా రాసి ఉన్న దాదాపు 10,700 అక్షరాల ఆర్‌ఎన్‌ఏ పోగులో. చాలాకాలం అందరూ ఆ రెసిపీనే చదివారు. వైరస్ కాపీలు తీసే మీట మాత్రం పోగు చివర్ల దగ్గర ఉంది.

కాపీకి కావాల్సింది రెసిపీ కాదేమో అనే అనుమానం పాతదే. 1965లో అమెరికాలో శాస్త్రవేత్త సోల్ స్పీగెల్‌మన్ బృందం బ్యాక్టీరియాను పట్టే క్యూబీటా అనే వైరస్ ఆర్‌ఎన్‌ఏను గాజు గొట్టంలోనే కాపీ చేయించింది. 1967లో, త్వరగా కాపీ అయ్యేవాటినే ఏరుతూ 74 సార్లు గొట్టం మారిస్తే, పోగులో 83 శాతం రాలిపోయింది. బ్యాక్టీరియాను పట్టే శక్తి పోయింది. కాపీ తీసే ఎంజైమ్ గుర్తుపట్టే భాగం మిగిలింది.

1987లో దోమలు మోసే వైరస్‌ల రాతలను పక్కపక్కన పెట్టి చూస్తే, రెండు చివర్ల దగ్గర ఒకదానికొకటి జత కుదిరే 8 అక్షరాలు కనిపించాయి. 2001లో డెంగీకి చుట్టమైన కుంజిన్ వైరస్‌లో ఒకవైపు అక్షరాలు మార్చారు. కాపీ ఆగిపోయింది. రెండోవైపు కూడా జత కుదిరేలా మారిస్తే మళ్లీ మొదలైంది! నాకైతే ఈ చరిత్రలో ఇదే ముచ్చటైన ప్రయోగం.

మిగతా ముడి 2005-06లో బ్యూనస్ ఐరిస్‌లో ఆండ్రియా గమార్నిక్ బృందం విప్పింది. కాపీ తీసే ఎన్‌ఎస్5 ఎంజైమ్ వచ్చి వాలేది పోగు తల, అంటే రాత మొదలయ్యే చివర, దగ్గరి మడత మీద. పని మొదలుపెట్టాల్సింది తోక నుంచి. మధ్యలో పదివేల అక్షరాల దూరం. ఆ జత అక్షరాలు కలిసి పోగు ఉంగరంలా చుట్టుకుంటే ఆ దూరం మాయం.

ఇంకో చిక్కుంది. ప్రొటీన్ చేసే రైబోజోమ్‌లు అదే పోగు మీద తల నుంచి తోకకు పోతాయి, ఎన్‌ఎస్5 ఎదురొస్తుంది. సింగిల్ రోడ్డులో ఎదురుబొదురు బండ్లు వదిలితే ఏమవుతుందో సిల్క్ బోర్డ్ జంక్షన్ దాటేవాళ్లకి చెప్పక్కర్లేదు. పోలియో వైరస్‌లో ఈ ట్రాఫిక్‌ను మళ్లించేది తల దగ్గరి మడతేనని గమార్నిక్, రౌల్ ఆండినో 1998లోనే చూపారు. డెంగీలోనైతే తలవైపు జత అక్షరాలు ప్రొటీన్ రాత మొదలైన కాస్సేపటికే, ఆ రాత లోపలే ఉన్నాయి. రైబోజోమ్‌కు అవి రెసిపీలో ఒక ముక్క, తోకకు కొక్కెం.